అకృతాభ్యాగమము

చిక్కబళ్ళాపురము, బాగేపల్లి, చింతామణి పట్టణముల నడుమనున్న దిబ్బూరహళ్ళి ప్రాంతమున జీవనది లేదు. వాన కురిసిననే నిండు చెరువును, ఏటికేడు లోతునకు దిగు బోరుబావియు, మబ్బును నమ్మి విత్తిన రాగియు వేరుసెనగయు అచ్చటి తెలుగు రైతునకు ఆధారములు. అట్టి సీమలో రానున్న కాలమును ముందుగా నెరుగవలెనను కోరిక క్రొత్తది కాదు. సమీపమునందలి కైవారమున నారేయణ యోగీంద్రుల కాలజ్ఞానమును భక్తులు నేటికిని స్మరింతురు. ఉగాదినాటి పంచాంగశ్రవణమున మేఘాధిపతి యెవ్వరో, వాన యెన్ని తూములో పెద్దలు చెవియొగ్గి విందురు.

ఇప్పుడు మరియొక వాక్కు వినవచ్చుచున్నది. 1988లో అనావృష్టిని కనిపెట్టుటకై కర్ణాటకమున నెలకొల్పిన సంస్థ నేడు ప్రకృతి విపత్తుల పర్యవేక్షణ కేంద్రమై, గ్రామపంచాయతీలలో వర్షమాపక యంత్రములు నిలిపి, ‘వరుణమిత్ర’ ఫోనుద్వారా రైతునకు బదులు చెప్పుచున్నది. 2024 ఫిబ్రవరి 17న శ్రీహరికోటనుండి ఎగసిన ఇన్సాట్-3డీఎస్ మేఘముల చిత్రములను పంపుచుండగా, కంప్యూటరు వాయుమండలమును గళ్ళుగా విభజించి, ఒక్కొక్క గడిలోని గాలికి, వేడిమికి, తేమకు భౌతికసూత్రముల నన్వయించి రేపటి స్థితిని లెక్కగట్టును.

ఇది దైవాధికారమున జొరబడుటయని శంకించు ఆస్తికులు కలరు. ఆ శంకలో నాకు బలము కనబడదు. మేఘము గర్భము ధరించిన 195 దినములకు వర్షము ప్రసవించునని బృహత్సంహితలో లెక్క చెప్పిన వరాహమిహిరుడు దైవద్రోహి కాడుగదా! పైగా 1963లో వాతావరణ శాస్త్రజ్ఞుడు లోరెంజ్ చూపినట్లు, ఆరంభమున అణుమాత్రమైన భేదము కొన్నాళ్ళకు ఫలితమునే మార్చివేయును గనుక, నేటి గణకుడు నిశ్చయమును పలుకక సంభావ్యతనే పలుకును. తన యెరుకకు తానే హద్దు గీచుకొను ఈ విద్యలో నాకు గర్వముకంటె వినయమే యెక్కువగా గోచరించుచున్నది.

అసలు చిక్కు దీర్ఘకాలపు శీతోష్ణస్థితిని లెక్కించు నమూనాలయందున్నది. గాలిలోని బొగ్గుపులుసు వాయువు రెట్టింపైనచో భూతలము రెండు డిగ్రీలకు మించి వేడెక్కునని 1967లో మనాబె, వెదరాల్డ్ అను శాస్త్రజ్ఞులు లెక్కించిరి. పిమ్మట ఈ విద్య మరియొక సాహసమునకు పూనుకొన్నది: మానవుడు పొగ విడిచిన లోకమును, విడువని లోకమును కంప్యూటరునందు వేరువేరుగా నడిపించి, ఉష్ణము మొదటిదానియందే నేడు కనబడుచున్నట్లు పెరుగుటయు, రెండవదానియందు పెరుగకుండుటయు చూపినది. కార్యకారణభావమును నిర్ణయించుటకు మన తార్కికులు వాడిన అన్వయవ్యతిరేకములే ఇవి. అయితే వ్యతిరేకమునకు దృష్టాంతముగా చూపవలసిన లోకము ఎచ్చటను లేకపోగా, దానిని గణితముతో నిర్మించిరి.

చేసినవాని ఫలము నశించుట కృతనాశము, చేయనివానికి ఫలము సంప్రాప్తించుట అకృతాభ్యాగమము. ఈ రెండు దోషములును ధర్మవ్యవస్థలో పొసగవని మన దర్శనకారులు పలికి, వాని పరిహారమునకై జన్మాంతరము నాశ్రయించిరి. గాలిలో పదిలక్షలకు 280 పాళ్ళనుండి 420 పాళ్ళకు మించిన బొగ్గుపులుసు వాయువునకు రెండెకరముల రాగిచేను దున్నుకొను రైతు ఏపాటి కర్త? వేసవి తీక్షణత మాత్రము అతని చేనుమీదికి వచ్చును. దీనిని అతని పూర్వజన్మకృత మనుట నాకు సమ్మతము కాదు. కర్త కనబడనపుడు అదృష్టమును చెప్పుట వినయము. కర్త లెక్కలలో కనబడుచుండగా అదృష్టముపై త్రోయుట అన్యాయము. మేఘము గడికంటె చిన్నదగుటచే, వేడిమినిగూర్చి పలికినంత దృఢముగా ఈ నమూనాలు వాననుగూర్చి పలుకజాలవు. ఒక చేనికి ఒకయేడు వాన తప్పుటకు ఫలానావారే కారకులని అవి చెప్పవు. అయినను మొత్తముమీద కర్తృత్వము తేలినది.

శీతోష్ణస్థితి మార్పువలన నష్టపోవు దేశములకై 2022లో షర్మ్ ఎల్ షేక్ సమావేశమున అంగీకరించి, మరుసటియేడు దుబాయిలో ప్రారంభించిన నష్టనిధికి దేశములు తమంత తామే విరాళము లిచ్చుచున్నవి. దాతకు పుణ్యము కలదు. ఋణము తీర్చువానికి పుణ్యము లేదు, తీర్పకున్న పాపము మాత్రము కలదు. ఆ నిధి ఋణవిమోచనమే కాని దానము కాదని నేను నమ్ముచున్నాను. ఋణస్థులందరు సముద్రముల కావలనే యున్నారనుకొనుటయు తగదు. రాయచూరున బొగ్గు కాల్చి తీసిన విద్యుత్తుతో, ఈ పల్లెలకు కొన్ని గంటల దారిలోనున్న బెంగుళూరున చల్లనైన గదులలో పొద్దుపుచ్చువారిలో ఈ పల్లెల బిడ్డలమే ఎందరమో యున్నాము. మన పాలు ఎంతయని అడిగినచో కర్తను చూపిన ఆ లెక్కయే చెప్పగలదు.