అదృష్టం ఎవరి పంట?

అదృష్టమంటే కనిపించనిది అని అర్థం. చేసిన పనికీ దాని ఫలితానికీ నడుమ కంటికి ఆనని లంకె ఒకటి ఉంటుందనీ, అదే అదృష్టమనీ మన దార్శనికులు చెప్పారు. వ్యవహారంలో ఆ అర్థం మారింది. కారణం తెలియని లాభాన్నల్లా మనం అదృష్టమంటున్నాము. కారణం నిజంగా లేదా, లేక ఎవరైనా దానికి తెర కట్టారా అన్నది విచారించవలసిన విషయం. ఎందుకంటే అదృష్టాన్ని పైరులాగా కోసుకొని గాదెలు నింపుకొనేవారు మన మధ్యనే ఉన్నారు.

భద్రాచలం దాటి చింతూరు వైపు పోతే తెలంగాణ ముగిసి ఆంధ్రప్రదేశ్ మొదలవుతుంది. 2014లో గీసిన గీత అది. గీతకు రెండు వైపులా అడవి ఒకటే, కోయ గూడేల బతుకూ ఒకటే. మద్యం దుకాణం ఎవరికి దక్కాలో తేల్చే పద్ధతి కూడా నేడు రెండు వైపులా ఒకటే: లాటరీ.

2025లో తెలంగాణ ప్రభుత్వం 2,620 దుకాణాలకు దరఖాస్తులు పిలిచింది. దరఖాస్తుకు 3 లక్షల రూపాయల రుసుము. దుకాణం రాకపోయినా అది తిరిగి రాదు. దాదాపు 95 వేల దరఖాస్తులు పడ్డాయి. అంటే ఒక్క సీసా అమ్మకముందే 2,800 కోట్లకు పైగా ఖజానాకు చేరింది. అంతకు ముందు సంవత్సరం అక్టోబరులో ఆంధ్రప్రదేశ్ 3,396 దుకాణాలకు 2 లక్షల రుసుముతో ఇదే పని చేసి, సుమారు 1,800 కోట్లు గడించింది. ఈ ఆటలో అదృష్టంతో పని లేనిది ప్రభుత్వానికి ఒక్కదానికే. ఎవరు ఓడినా దాని గెలుపు దానికి ఉంటుంది.

లాటరీని సమర్థించేవారి వాదం తేలికగా తోసిపుచ్చదగినది కాదు. వేలంపాటలో డబ్బు గెలుస్తుంది, సిఫారసులో పలుకుబడి గెలుస్తుంది, చీటీకి మాత్రం కులమూ తెలియదు, పార్టీ తెలియదు అని వారంటారు. ప్రాచీన ఏథెన్సులో పెక్కు పదవులకు చీట్ల ద్వారానే మనుషులను ఎన్నుకొనేవారు. అది ప్రజాస్వామ్య లక్షణమని అరిస్టాటిల్ రాశాడు. మన దగ్గర కూడా 2011 చివర అవినీతి నిరోధక శాఖ దాడులలో మద్యం సిండికేట్ల బండారం బయటపడ్డాక, 2012లో ఉమ్మడి రాష్ట్రం వేలంపాటను మాని లాటరీకి మారింది.

కాని ఏథెన్సు పౌరుడు తన అవకాశాన్ని కొనుక్కోలేదు. ఇక్కడ కొనుక్కోవాలి, ఎన్నయినా కొనుక్కోవచ్చు. లెక్క వేసి చూద్దాం. తెలంగాణలో దుకాణానికి సగటున 36 దరఖాస్తులు. ఒకే చీటీ వేసిన చిన్న మనిషి గెలిచే అవకాశం 36లో ఒకటి. అప్పు తెచ్చిన 3 లక్షలైనా సరే, పోయే అవకాశమే ఎక్కువ. పదిమంది షావుకార్లు కూడబలుక్కొని 180 చీట్లు వేస్తే వారికి 5 కోట్ల 40 లక్షలు ఖర్చవుతుంది, సగటున 5 దుకాణాలు చేతికొస్తాయి. ఒంటరివాడికి జూదమైనది జట్టుకు వ్యాపారమైంది. అదృష్టం అందరికీ సమానమనడం ఇక్కడ అబద్ధం. పెట్టుబడి పోగయినకొద్దీ అదృష్టం మాయమై గణితం మిగులుతుంది.

ఓడిన చీట్ల ఖర్చు ఎక్కడికి పోతుంది? సీసా ధర ప్రభుత్వం నిర్ణయించేదే. కనుక ఆ ఖర్చు రాబట్టాలంటే ఎక్కువ తాగించాలి. పల్లెల్లో పుట్టుకొచ్చే బెల్టు షాపులకు ఒక మూలం ఇక్కడ ఉంది. ఏజెన్సీలో దుకాణాలను గిరిజనులకే ప్రత్యేకించారు, నిజమే. అయితే 3 లక్షలు ఎగిరిపోయినా తట్టుకోగల గిరిజనులెందరు? కాగితం మీద పేరు ఒకరిదీ, పెట్టుబడి మరొకరిదీ కావడానికి ఆ రుసుమే దారి తీస్తుంది.

కలసి పంచుకోవడం అడవికి కొత్త కాదు. కోయల విత్తనాల పండుగ వేటలో బాణం ఎవరిదైనా మాంసం ఊరంతటికీ వాటా పడేది. ఎవరూ పస్తుండకూడదని వారు అదృష్టాన్ని పంచుకొన్నారు. సిండికేటు కూడా అదృష్టాన్ని పోగుచేస్తుంది. కాని లాభం తమ పదిమందికీ, నష్టం ఊరికీ.

ఇంతకన్నా పెద్ద అన్యాయం మరొకటి ఉన్నది. దుకాణం ఎవరికి అన్న ప్రశ్నకు లాటరీ జవాబిస్తుంది. ఆ సందడిలో దుకాణం ఉండవచ్చునా అన్న ప్రశ్న వినిపించదు. కురుసభలో ద్రౌపది పాచికలు సరిగా పడ్డాయా అని అడగలేదు. తననే ఓడిపోయినవాడికి తనను పణం పెట్టే హక్కు ఉన్నదా అని అడిగింది. భీష్ముడంతటివాడు తడబడ్డాడు. 1879లో రంప కొండలలో లేచి భద్రాచలం దాకా పాకిన పితూరీకి ఒక ముఖ్య కారణం, కొండవాళ్ల కల్లును సర్కారు గుత్తకివ్వడం. వారి పోరు గుత్త ఎవరిది కావాలన్నది కాదు. తమ చెట్టు కల్లును గుత్తకిచ్చే అధికారం మీదే. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంట నుంచి లేచిన స్త్రీలు కూడా సారా పాట ఎవరు పాడాలో అడగలేదు, సారాయే వద్దన్నారు. 1993 అక్టోబరులో సారా నిషేధమూ, 1995 జనవరిలో సంపూర్ణ నిషేధమూ వచ్చాయి. 1997లో నిషేధం సడలింది. ప్రశ్న మాత్రం సడలలేదు.

మద్యం రాబడి లేనిదే సంక్షేమం సాగదని పాలకులంటారు. కూలివాడి ఇంటి నుంచి తీసిన సొమ్ములో కొంత తిరిగి ఆ ఇంటికే ఇచ్చి దానికి సంక్షేమమని పేరు పెట్టడం ఎంతవరకు న్యాయం?

షెడ్యూల్డు ప్రాంతాలలో మత్తు పదార్థాల అమ్మకాన్ని నిషేధించే, నియంత్రించే అధికారం గ్రామసభకూ పంచాయతీకీ ఉండాలని 1996 నాటి పెసా చట్టం చెప్పింది. ఆ అధికారం నిజంగా చెల్లాలంటే చీటీ తీయడానికి ముందు సభ కూర్చోవాలి. గూడెంలోని స్త్రీ వద్దంటే ఆ మాట చెల్లాలి. కనిపించనిదాన్ని కనిపించేట్టు చేయడమే విమర్శ పని అయితే, అదృష్టం అన్న మాట వినిపించిన ప్రతి చోటా మనం అడగవలసింది ఒకటే: ఈ పందెంలో ఒడ్డినది ఎవరి బతుకు, వారిని ఎవరైనా అడిగారా?