అక్క చదువుకు బదులు

మధ్యలో ఆగిపోయిన డిగ్రీని మళ్లీ మొదలుపెట్టాలంటే అడిగే కాగితాల్లో ఒకటి గ్యాప్ సర్టిఫికెట్. మీసేవలో దరఖాస్తు పెట్టుకుంటే తహసీల్దారు కార్యాలయం నుంచి వస్తుంది. ఫలానా ఏడు నుంచి ఫలానా ఏడు దాకా ఈ అభ్యర్థి ఎక్కడా చదవలేదని అందులో ఉంటుంది. ఆ ఏళ్లలో ఆమె ఏం చేసిందో ఉండదు. చేయని పనికి ముద్ర వేసి ఇచ్చే కాగితం ఉంది. చేసిన పనికి లేదు.

ఆ కాగితాన్ని మేము తప్పుపట్టడం లేదు. కార్యాలయం అవసరాలు కార్యాలయానివి. కానీ ఆ మాట కాగితం మీద ఆగలేదు. మన గూడేల్లోకి వచ్చింది, మన ఇళ్లలోకి వచ్చింది. "ఆ పిల్లకు నాలుగేళ్లు గ్యాప్ వచ్చిందట" అని మనమే అంటున్నాం. గ్యాప్ అంటే ఖాళీ. నాలుగేళ్లు పత్తిలో కలుపు తీసి, తునికాకు కట్టలు కట్టి, మంచాన పడ్డ తల్లికి జావ కాచి పోసిన మనిషి బతుకును ఖాళీ అంటున్నామన్న సంగతి మనకే తట్టడం లేదు. అందుకే ఒక ప్రశ్న మీ ముందు పెడుతున్నాం. ఇంటి కోసం చదువు మానేసిన మనిషి మళ్లీ చదువుకుంటానని అడిగితే, అది ఆమె కోరుతున్న సాయమా, ఆమెకు రావలసిన బాకీయా?

ముందు చదువు ఎలా ఆగుతుందో చూద్దాం. మా ఉట్నూరు ఏజెన్సీలో గోండు, కొలాం, నాయకపోడు, పర్ధాన్, తోటి, ఎవరి ఇంట చూసినా కథ ఇంచుమించు ఒకటే. పిల్లలు ఆశ్రమ పాఠశాలలోనో గురుకులంలోనో పది దాటుతారు. ఇంటర్ గట్టెక్కుతారు. డిగ్రీకి ఉట్నూరో, ఆసిఫాబాదో, ఆదిలాబాదో పోతారు. వానలు పడి పత్తి గింజ పెట్టే రోజుల్లోనే అడ్మిషన్లు. పత్తి పగిలి ఏరే రోజుల్లోనే సెమిస్టర్ పరీక్షలు. హాజరు 75 శాతం ఉండాలి. లేకుంటే పరీక్షకూ చిక్కే, స్కాలర్‌షిప్‌కూ చిక్కే. కళాశాల క్యాలెండర్ రాసినవాళ్లకు మన పంటల క్యాలెండర్ తెలియదు.

అలాంటి సమయంలో నాయన పడకేస్తాడు. లేదా పంట పోయి విత్తనాల షావుకారు అప్పు మిగులుతుంది. ఇంట్లో ఇద్దరు చదువుతుంటే ఒకరు ఆగాలి. ఎక్కువ ఇళ్లలో ఆగేది ఆడపిల్ల. ఆమె పెద్దదైతే ఇక అడిగేదే లేదు. ఎవరూ "నువ్వు చదువు మానెయ్" అనరు. "ఈ ఒక్క పంట తీసినంక పోదువులే బిడ్డా" అంటారు. ఆ ఒక్క పంట మీద ఇంకో పంట వస్తుంది. ఈలోగా తమ్ముడు ఇంటర్ దాటి డిగ్రీలో చేరతాడు. అతని బస్సు పాసు, రికార్డు పుస్తకాలు, గది అద్దె, అన్నీ అక్క ఏరిన పత్తిలోంచే వెళ్తాయి. ఊరంతా తమ్ముడిని చూపించి "బాగా చదువుతున్నాడు" అంటుంది. అక్కను చూపించి "మధ్యలో ఆపేసింది" అంటుంది. రెండూ ఒకే పత్తి చేను లెక్క అని ఎవరూ కలిపి చూడరు.

మన ఊళ్లలో బదులు పని అని ఒకటుంది. ఈ రోజు నువ్వు మా చేనుకు కలుపుకొచ్చావు, రేపు నేను మీ చేనుకు వస్తాను. చేతికి డబ్బు రాదు, కాగితం రాసుకోం. అయినా ఎగ్గొట్టినవాడికి ఊళ్లో మాట ఉండదు. బదులుకు వచ్చినవాళ్లను సాయానికి వచ్చారని ఎవరూ అనరు. బాకీ తీర్చడానికి వచ్చారంటారు. మా జవాబు అక్కడే ఉంది. అక్క నాలుగేళ్లు తన రోజులను ఇంటి చేనులో పెట్టింది. ఇప్పుడు తన చేనుకు రమ్మంటోంది. ఆమె చేను డిగ్రీ కళాశాలలో ఉంది, అంతే తేడా. ఇంత తేలికైన లెక్క చదువు దగ్గరికి వచ్చేసరికి మనకెందుకు మరుపుకొస్తోంది?

కొందరు మంచి మనసుతోనే ఇంకో మాట అంటారు. విడిచిపెట్టిన పోడు నేల కొన్నేళ్లకు మళ్లీ బలం పుంజుకుంటుంది కదా, ఆగిన చదువూ అంతే, ఆ ఏళ్లు వృథా కాలేదు, ఆమె రాటుదేలింది అంటారు. వినడానికి బాగుంటుంది. ఆ ఏళ్లలో ఆమె నేర్చుకున్నది చాలానే ఉంది, కాదనం. కానీ మన తాతలు పోడు నేలను విడిచింది ఆ నేల కోసం. అక్క చదువు ఆగింది అక్క కోసం కాదు. ఆకలి వల్ల ఆగినదానికి విశ్రాంతి అని పేరు పెడితే, ఆగడానికి కారణమైనవాళ్లందరూ హాయిగా తప్పుకుంటారు. ఆమె పోగొట్టుకున్నది పోగొట్టుకున్నదే. దాన్ని ఒప్పుకుంటేనే బదులు మాట వస్తుంది.

ఇక అడ్డుచెప్పే మాటలు వినాలి. మొదటిది, "సీటు ఒకసారి ఇచ్చారు, వదులుకుంది, ఇప్పుడు చిన్నపిల్లల సీటుకు అడ్డం రావడం న్యాయమా?" న్యాయం మాట ఎత్తారు కాబట్టి నిజం చెప్పుకుందాం. డిగ్రీ కళాశాలల్లో ఏటా సీట్లు మిగిలిపోతూనే ఉన్నాయి. నిజంగా తక్కువగా ఉన్నవి హాస్టల్ మంచాలు. మంచం తక్కువైతే ఇంకో మంచం వేయమని ఐటీడీఏను అడగాలి గానీ, ఇద్దరు ఆదివాసీ పిల్లల్లో ఎవరు నేల మీద పడుకోవాలో మనం తీర్పు చెప్పకూడదు.

చిన్నపిల్లల విషయంలో చట్టం ఈ సంగతిని ఎప్పుడో ఒప్పుకుంది. 2009 విద్యాహక్కు చట్టం ప్రకారం బడి మానేసిన పిల్లను వయసుకు తగ్గ తరగతిలో చేర్చుకోవాలి, వెనకబడిన పాఠాలు అందుకునేలా ప్రత్యేక శిక్షణ ఇవ్వాలి. అది దయ కాదు, ఆ పిల్ల హక్కు. కానీ ఆ చట్టం 6 నుంచి 14 ఏళ్ల దాకానే. 12 ఏళ్లప్పుడు పత్తి చేనుకు పోయి తిరిగొస్తే హక్కు. 19 ఏళ్లప్పుడు అదే చేనుకు పోయి తిరిగొస్తే గ్యాప్. చేను మారలేదు, అప్పు మారలేదు. వయసు మారితే న్యాయం ఎలా మారింది?

రెండో మాట, "ఓపెన్ డిగ్రీ ఉంది కదా, ఇంట్లో కూర్చుని చదువుకోవచ్చు." 1982లో హైదరాబాదులో మొదలైన సార్వత్రిక విశ్వవిద్యాలయం, ఇప్పటి డాక్టర్ బీఆర్ అంబేద్కర్ సార్వత్రిక విశ్వవిద్యాలయం, బడి దాటలేనివాళ్లెందరినో పట్టభద్రులను చేసింది. దాన్ని తక్కువ చేసి మాట్లాడం. ఎవరికి అది కుదురుతుందో వాళ్లు అందులోనే చేరాలి. కానీ ఇంట్లో కూర్చుని చదవమంటున్న ఆ ఇల్లు ఎలాంటిదో చూడండి. నీళ్లు తేవాలి, పశువులను విప్పాలి, రాత్రి కరెంటు ఉంటే చదవాలి. తరగతి గది, గ్రంథాలయం, తోటి పిల్లలతో మాట, ఇవి కూడా చదువే. తమ్ముడికి ఇవన్నీ కావాలన్నాం. అక్కకు మాత్రం పుస్తకాల కట్ట చాలంటున్నాం.

కొత్త విద్యా విధానంలో తలుపులు తెరిచారు కదా అంటారు. 2020 విధానం తర్వాత ఒక ఏడాది చదివితే సర్టిఫికెట్, రెండేళ్లకు డిప్లొమా, మూడేళ్లకు డిగ్రీ అన్నారు. చదివిన క్రెడిట్లను దాచే బ్యాంకుకు యూజీసీ 2021లో నిబంధనలు పెట్టింది. అందులో క్రెడిట్లు ఏడేళ్ల దాకా ఉంటాయి. మంచిదే. కానీ అప్పు తీరడానికి ఎనిమిదేళ్లు పట్టినవాళ్ల సంగతేమిటి? ఇంకో భయం కూడా ఉంది. బయటికి పోయే తలుపు దగ్గర ఒక కాగితం చేతిలో పెట్టి పంపితే, పోయినవాళ్ల గురించి ఎవరూ బెంగపడరు. లోపలికి వచ్చే తలుపు దగ్గర హాస్టల్, స్కాలర్‌షిప్, మారిన సిలబస్‌కు పాఠాలు లేకపోతే ఆ తలుపు తెరిచీ మూసినట్టే.

మూడో మాట మన ఇళ్లలోనే గట్టిగా వినిపిస్తుంది. "ఇప్పుడు చదివి ఏం చేస్తావు?" ఈ మాట వెనక ఉన్న దెబ్బ మాకు తెలుసు. షెడ్యూల్డ్ ప్రాంతాల్లో టీచరు పోస్టులన్నీ స్థానిక గిరిజనులకే ఇచ్చిన 2000 నాటి జీవో 3ను సుప్రీంకోర్టు 2020 ఏప్రిల్‌లో కొట్టేసింది. చదివితే మన బడిలో మనమే పంతులమవుతామన్న ఆశ ఆ రోజు చాలా ఇళ్లలో కూలింది. ఉద్యోగం తప్పకుండా వస్తుందని మేము ఎవరికీ మాట ఇవ్వలేం. కానీ ఒక మాట అడుగుతాం. ఉద్యోగం రాని చదువు దండగ అనుకుంటే, పట్టా రాని నేలను మన పెద్దలు ఎందుకు దున్నారు? కాగితం వస్తుందో రాదో తెలియకుండానే తరతరాలు దున్నారు. దున్నారు కాబట్టే 2006లో అటవీ హక్కుల చట్టం వచ్చినప్పుడు చూపించడానికి సాగు ఉంది.

ఆ చట్టం నుంచే ఇంకో సంగతి నేర్చుకోవచ్చు. ఫలానావాడు ఫలానా నేలను 2005 డిసెంబర్ 13కు ముందు నుంచీ సాగు చేస్తున్నాడనడానికి ఊరి పెద్దల వాంగ్మూలాన్ని కూడా సాక్ష్యంగా తీసుకోవచ్చని నిబంధనల్లో ఉంది. నేల విషయంలో ఊరి మాటకు విలువుంటే, మనిషి విషయంలో ఎందుకు ఉండకూడదు? ఈమె ఈ నాలుగేళ్లు ఇంటిని నిలబెట్టింది, తమ్ముడిని చదివించింది అని గ్రామసభ ఒక తీర్మానం రాసి గ్యాప్ సర్టిఫికెట్‌తో పాటు జతచేయవచ్చు. కళాశాల దాన్ని లెక్కలోకి తీసుకోకపోవచ్చు. కానీ ఆ తీర్మానం రాసే రోజు ఊరు ఒప్పుకుంటుంది. ఆ ఒప్పుకోలు ముందు మనకే అవసరం.

పెద్ద వయసులో చదువు మనకు కొత్త కూడా కాదు. 1940లో జోడేఘాట్‌లో కుమ్రం భీం చనిపోయాక, నిజాం ప్రభుత్వం పనిమీద వచ్చిన హైమండార్ఫ్ 1943లో మార్లవాయిలో గోండుల కోసం టీచర్ల శిక్షణ కేంద్రం పెట్టించాడు. మన చదువు అక్కడ పసిపిల్లల బెంచీతోనే మొదలవలేదు. వయసొచ్చిన గోండు యువకులు ముందు తాము అక్షరాలు నేర్చుకుని, ఆ తర్వాత పిల్లలకు చెప్పారు. ఈ వయసులో చదువేమిటని వాళ్లు అనుకుని ఉంటే మన ఊళ్లలో బడి ఇంకా ఆలస్యంగా వచ్చేది.

బదులు లెక్కకు అందనివాళ్లు కూడా ఉన్నారు. ఇంటి కోసం కాకుండా, తరగతిలో ఇమడలేక మానేసినవాళ్లు. వాళ్లకు ఇల్లు బాకీ లేదు కదా అనవచ్చు. నిజమే, ఇల్లు బాకీ లేదు. అయితే ఇంట్లో గోండీ, బడిలో తెలుగు, డిగ్రీలో ఇంగ్లిష్. మూడో భాష దగ్గర చేతులెత్తేసిన పిల్లవాడిని "ఇష్టం లేక మానేశాడు" అని రిజిస్టరులో రాయడం తేలిక. అలాంటివాళ్లకు బాకీ ఉన్నది కళాశాల. ఇక నిజంగానే ఇష్టం లేక పోయి, ఇప్పుడు ఇష్టం కలిగి వచ్చినవాళ్లకు ఎవరూ బాకీ లేకపోవచ్చు. అయినా 18 ఏళ్లప్పుడు తీసుకున్న నిర్ణయానికి బతుకంతా కట్టుబడి ఉండమనే హక్కు మనకెవరిచ్చారు?

తిరిగి వెళ్లే అక్కలకు ఒక మాట. మీరు ఎవరికీ ఆదర్శంగా నిలబడనక్కరలేదు. మీకంటే చిన్నవాళ్ల పక్కన కూర్చున్నప్పుడు వాళ్లు "మేడమ్" అనో "ఆంటీ" అనో అనవచ్చు. మొదటి సెమిస్టర్‌లో ఒక పేపరు పోవచ్చు. పోతే మళ్లీ రాయండి. ఊరికి పేరు తెస్తేనే మీ చదువుకు అర్థమనే మాటను నమ్మకండి. బదులుకు వచ్చినవాళ్లను చేను గలవాళ్లు పంట ఎంత వచ్చిందని అడగనిస్తారా? మీ చదువూ అంతే. అది మీది.

మిగిలిన మాట ఇంటివాళ్లకు, ముఖ్యంగా చదివి వచ్చిన తమ్ముళ్లకు. అక్క ఫీజు కట్టడం సగం పనే. ఆమె లేని ఇంట్లో ఆమె చేసే పని ఎవరు చేస్తారన్నదే అసలు పరీక్ష. అమ్మ మీద ఇంకో బరువు వేసి అక్కను పంపితే బాకీ తీరదు, చేతులు మారుతుంది. నీళ్ల బిందె నీకు తెలుసు, పశువుల కొట్టం నీకు తెలుసు. పత్తి ఏరే రోజుల్లో ఆమెకు పరీక్షలుంటాయి. ఆ వారం నువ్వు సెలవు పెట్టి చేనుకు రా.