సింహాసనములును చెరువులును



హైదరాబాదు నగరమునకు పడమటి దిక్కున, మాదాపూరునకును రాయదుర్గమునకును నడుమ, రాతిగుట్టల చాటున దుర్గం చెరువు కలదు. 2020వ సంవత్సరము సెప్టెంబరు 25వ తేదీన దానిమీద తీగల వంతెన ప్రారంభమైనది. నాటినుండి సాయంకాలమగుసరికి అచ్చట జనసమ్మర్దమే. వంతెన రంగురంగుల దీపములతో వెలుగుచుండును. యువతీయువకులు ఫోటోలు తీసికొనుచుందురు. చుట్టునున్న అద్దాల మేడలు నీటిలో తలక్రిందులుగా కనబడుచుండును. ఆ మేడలలో కొలువు చేయువారు లక్షల సంఖ్యలో నున్నారు. ఈ నీరు ఒకప్పుడు ఎచ్చటికి పోయెడిదో యెరిగినవారు వారిలో ఎందరుందురు?

గోలకొండ కోటకు పోయెడిది. కుతుబ్‌షాహీల కాలమున కోటకు మంచినీరు ఇచ్చినది ఈ చెరువేయని చెప్పుదురు. కోటలో నీటిని చక్రములతో అంచెలంచెలుగా ఎత్తి, మట్టిగొట్టముల ద్వారా కొండమీది మహళ్ళ దాక చేర్చెడివారు. గుట్టల మధ్య దాగి, పరులకు కనబడక యుండుటచే నేటివారు దీనిని సీక్రెట్ లేక్ అనియు పిలుచుచున్నారు. నేడు కోట కలదు, కోటలో రాజు లేడు. మహళ్ళకు గోడలున్నవి, కప్పులు లేవు. చెరువు మాత్రము చెరువుగానే యున్నది. సామ్రాజ్యములు ఎట్లు లేచునో, ఎట్లు కూలునో, కూలిన పిదప ఏమి మిగులునో విచారించుటకు ఈ గట్టుకంటె తగిన చోటు లేదు.

గోలకొండ మొదట కాకతీయుల నాటి మట్టికోట. 1364 ప్రాంతమున అది బహమనీ సుల్తానుల వశమయ్యెను. వారి యుద్యోగియైన సుల్తాన్ కులీ 1518లో స్వతంత్రుడై కుతుబ్‌షాహీ వంశమును స్థాపించెను. మహమ్మద్ కులీ 1591లో హైదరాబాదును నిర్మించెను. కృష్ణాతీరమున కొల్లూరు గనిలో దొరకిన వజ్రములు గోలకొండ బజారునకు వచ్చెడివి. కోహినూరు ఆ గనిదేయని పలువురు చరిత్రకారులు తలంతురు. అంతటి రాజ్యమును ఔరంగజేబు 1687లో ముట్టడించెను. ముట్టడి ఎనిమిది నెలలు సాగినది. మొగలు సైన్యమే కరవుతోను రోగములతోను కృశించినదట! తుదకు కోట పడినది ఫిరంగులచేత కాదు. లంచము తిన్న యొక అధికారి రాత్రివేళ తలుపు తెరచెను. తానీషా బందీయై దౌలతాబాదు చెరలో కన్నుమూసెను.

గెలిచినవానికి మిగిలినదేమి? ఇరువది సంవత్సరములకు, 1707లో, ఔరంగజేబు దక్కనులోనే మరణించెను. 1724లో ఆతని వంశమువారి సుబేదారే ఇచ్చట స్వతంత్రుడై అసఫ్‌జాహీ రాజ్యమునకు అంకురార్పణ చేసెను. 1739లో నాదిర్షా ఢిల్లీని దోచుకొని వజ్రములను మోసికొని పోయెను. కొల్లూరు గని నేడు పులిచింతల జలాశయపు నీటిక్రింద మునిగియున్నది. రాజులు కాపాడుకొన్న వజ్రము పరదేశపు కిరీటమునకు చేరినది. ప్రజలు త్రాగిన నీరు మాత్రము ఉన్నచోటనే యున్నది.

ఈ విషయమును బసవేశ్వరునికంటె బాగుగ నెరిగినవారు అరుదు. ఏలయన, ఆయన అరణ్యమున కూర్చుండి రాజ్యములు అనిత్యమని పలికినవాడు కాడు. సామ్రాజ్యపు బొక్కసమునకు తాళపుచెవులు పట్టినవాడు.

హైదరాబాదునుండి ముంబయి పోవు రాజమార్గమున జహీరాబాదును, హుమ్నాబాదును దాటి కొంత దూరమేగిన బసవకల్యాణము వచ్చును. 1956 వరకు అదియును హైదరాబాదు రాష్ట్రములోనిదే. పదునొకండవ శతాబ్దమున మొదటి సోమేశ్వరుడు అచ్చట చాళుక్య రాజధాని నిలిపెను. ఆరవ విక్రమాదిత్యుడు 1076 నుండి 1126 వరకు ఏలెను. ఆతని కొలువున బిల్హణ మహాకవి యుండెను. విజ్ఞానేశ్వరుడు మితాక్షర రచించెను. ఒక ముచ్చట చూడుడు. ఆ చక్రవర్తి ఏనుగులెన్నియో, గుఱ్ఱములెన్నియో నేడెవ్వరికిని పట్టదు. కాని తండ్రి యాస్తిలో కుమారునికి పుట్టుకతోనే హక్కు కలదని మితాక్షర చెప్పిన మాట ఎనిమిది వందల యేండ్లకు పైగా దేశమున చాల భాగమున న్యాయస్థానములను ఏలినది. 1956లో చట్టము దానిని కొంత మార్చెను. 2005లో కుమార్తెకును సమాన హక్కు కలిగెను. కోకాపేటలో పెద్దలనాటి భూమి అమ్ముడుపోయినపుడు అన్నదమ్ములు, అక్కచెల్లెండ్రు పంచుకొను లెక్కలో కల్యాణపు నీడ నేటికిని కలదు.

విక్రమాదిత్యుని పిమ్మట రెండు తరములు గడచునంతలో చాళుక్యుల బలము సడలినది. సామంతుడైన కలచురి బిజ్జలుడు సింహాసనమెక్కెను. ఆతనికి భండారి బసవన్న. పగలు రాజ్యపు రాబడి పోకలు వ్రాసికొనుచు, ఆ బసవన్నయే అనుభవ మంటపమున మరియొక లెక్క ఆరంభించెను. అచ్చట పడవ నడపు చౌడయ్య, బట్టలుతుకు మాచయ్య, చెప్పులు కుట్టు హరళయ్య, రాజభోగమును విడిచి వచ్చిన అక్కమహాదేవి సమాన పీఠమున కూర్చుండిరి. కాయకము, దాసోహము అను రెండు మాటలు ఆ సభయొక్క రాజ్యాంగము. తన చేతులతో చేసిన పని కాయకము. అందు తనకు చాలినది పోగా మిగిలినదానిని సంఘమునకు సమర్పించుట దాసోహము.

ఆయ్దక్కి మారయ్య కథ యెల్లరును వినినదే. నేలరాలిన బియ్యపు గింజల నేరితెచ్చుట ఆయన కాయకము. ఒకనాడు మామూలుకంటె ఎక్కువ గింజలు తెచ్చెను. భార్య లక్కమ్మ మూటను చూచినది, పొయ్యి వెలిగింపలేదు. అవసరమునకు మించినది మన యింటికేల వచ్చినదని యడిగి, అధికమైనదానిని తెచ్చినచోటనే పోసిరమ్మని పంపినది. సామ్రాజ్యములు ఆ మూటవద్దనే తప్పుదారి పట్టును. చాలును అనుమాట ఏ చక్రవర్తి శాసనమునందును కానరాదు.

కల్యాణమున పిదప జరిగినది చెప్పుటకు కష్టముగా నుండును. హరళయ్య ఇంటికిని, బ్రాహ్మణుడైన మధువయ్య ఇంటికిని వియ్యము కుదిరినది. బిజ్జలుడు దానిని సహింపక ఇద్దరు పెద్దలను చంపించెను. శరణులు క్షోభించిరి. 1167 ప్రాంతమున బిజ్జలుడు హతుడయ్యెను, బసవన్న అంతకు పూర్వమే కూడలసంగమమునకు మరలెను, శరణులు చెల్లాచెదరైరి. ఉపన్యాసములలో ఈ ఘట్టమును వీరావేశముతో చెప్పుట పరిపాటి. నెత్తురు చిందిన తరువాత అనుభవ మంటపము మరల కూడలేదను సంగతిని మాత్రము తొందరగా దాటిపోవుదురు. బసవన్న కత్తిని కోరలేదు.

ఆ శతాబ్దము ముగియునప్పటికి కలచురులును లేరు, చాళుక్యులును లేరు. కాని ఊరూర చెదరిన శరణులతో వచనము చెదరినది. కొలది తరములలోనే పాల్కురికి సోమనాథుడు బసవని కథను తెలుగు ద్విపదలో బసవపురాణముగా రచించెను. బిజ్జలుని సైన్యము నిలువలేకపోయినది. ఆతని భండారి కథ మాత్రము తెలుగునాట పామరుల నోట నిలిచినది.

చాళుక్య వృక్షము కూలుచుండగనే దానిక్రింద నున్న మొలక యొకటి తలయెత్తినది. సామంతులైన కాకతీయులలో రుద్రదేవుడు స్వతంత్రుడై, 1163లో హనుమకొండ వేయిస్తంభముల గుడిలో శాసనము వేయించెను. గణపతిదేవుని కాలమున సేనాని రేచర్ల రుద్రుడు 1213లో పాలంపేటలో దేవాలయము కట్టించెను. దాని దాపున రామప్ప చెరువు కలదు. పాకాల, లక్నవరము మొదలగునవి ఆ రాజ్యకాలపు నిర్మాణములే. కాకతీయులును దయాస్వరూపులు కారు. యుద్ధములు చేసిరి, పన్నులు గుంజిరి. 1323లో ఢిల్లీ సైన్యము ఓరుగల్లును పట్టెను, ప్రతాపరుద్రుడు బందీ యయ్యెను. ఆ యేటి పిదప ఓరుగంటి కీర్తితోరణములకు రాజు లేడు. రామప్ప చెరువు తూములు మాత్రము తరువాతి పంటకు నీరు విడిచినవి, ఆ తరువాతి పంటకును విడిచినవి. ఏడు వందల యేండ్లు గడచిన పిదప 2015లో తెలంగాణ ప్రభుత్వము 46 వేలకు పైగా చెరువులను బాగుచేయ సంకల్పించినపుడు, ఆ పథకమునకు పెట్టిన పేరు మిషన్ కాకతీయ. ఓరుగల్లు గెలిచినవారి పేర అట్టి పథకమేదియు లేదు.

ఇక రాజులు గాని రాజ్యమొకటి కలదు. 1600లో లండను వర్తకులు ఈస్టిండియా కంపెనీని స్థాపించిరి. 1611లో వారి యోడ మచిలీపట్నము చేరెను. అది నాడు గోలకొండ రాజ్యపు రేవు. అద్దకపు బట్టలు కొనుటకు అనుమతి వేడిన ఆ వర్తకులే 1757 పిమ్మట దేశమునకు ప్రభువులైరి. 1858లో పరిపాలన రాణిగారి చేతికి పోయెను. 1874లో కంపెనీయే రద్దయ్యెను. అది వదలిపోయిన వానిలో కరవులును కలవు, రైలుపట్టాలును కలవు, ఇంగ్లీషు భాషయు కలదు. నేడు సైబరాబాదు మేడలలో రాత్రి రెండు గంటలకు అమెరికాతో మాటలాడు పల్లెటూరి బిడ్డకు అన్నము పెట్టుచున్నది ఆ భాషయే. నాటి వర్తకులు దీనిని కలనైన తలంచి యుండరు. సామ్రాజ్యముల ఫలము వాని సంకల్పమును బట్టి రాదు.

1998 నవంబరు 22వ తేదీన ప్రధానమంత్రి అటల్ బిహారీ వాజపేయి మాదాపూరులో సైబర్ టవర్స్ భవనమును ప్రారంభించెను. నాడు దాని చుట్టు బండరాళ్ళు, తుప్పలు, సీతాఫలపు చెట్లు. పాతికేండ్లలో రాయదుర్గము, గచ్చిబౌలి, నానక్‌రామ్‌గూడ, కోకాపేట మేడలతో నిండినవి. 250 కోట్ల సంవత్సరముల నాటి రాళ్ళు మందుగుండుతో పగిలి పునాదులలో చేరినవి. ఇదియు నొక సామ్రాజ్యమే. దీని చక్రవర్తులు సముద్రముల కవతల నున్నారు. కప్పము డాలర్లలో లెక్కింపబడును. అయినను ఆ మేడల భూమి కాగితములు విప్పిచూడుడు. రాయదుర్గ్ పాన్‌మక్తా, రాయదుర్గ్ ఖాల్సా, రాయదుర్గ్ పైగా! మక్తా యనిన నిర్ణీత శిస్తుకు ఇచ్చిన నేల, ఖాల్సా సర్కారుది, పైగా నిజాము కొలువులోని ప్రభువంశమువారిది. పట్టా, పహాణీ, జమాబందీ, తహశీలు, అన్నియు గతించిన దర్బారుల పలుకులే. సింహాసనము పోయి డెబ్బది యేండ్లు దాటినను గుమాస్తా కలములో దాని భాష చావలేదు.

ఈ కొత్త రాజ్యమునకు పతనము లేదని భ్రమపడువారు సత్యం కంప్యూటర్స్ కథను స్మరింతురు గాక. 1987లో స్థాపితమైన ఆ సంస్థ హైదరాబాదుకు కీర్తికిరీటముగా నుండెను. 2009 జనవరి 7వ తేదీన దాని అధ్యక్షుడు లెక్కలు కల్పితములని తానే ఒప్పుకొనెను. గోలకొండ వలెనే దీని తలుపును లోపలివారే తెరచిరి. దాదాపు 50 వేలమంది ఉద్యోగుల గతి యేమగునో యని నగరము వణకెను. అయినను ఆ ఉద్యోగులు మరునాడు వచ్చి తమ తమ బల్లలవద్ద కూర్చుండిరి. ఆ పనియే సంస్థను నిలిపినది. 2013లో అది టెక్ మహీంద్రలో కలసినది. అధ్యక్షుని సంతకము అబద్ధమైనది, వారి కాయకము అబద్ధము కాలేదు.

మేడలకు నైరుతి దిక్కున గండిపేట చెరువు కలదు. 1908 సెప్టెంబరులో మూసీనది పొంగి నగరమును ముంచి వేలమందిని పొట్టన పెట్టుకొన్న పిదప, మోక్షగుండం విశ్వేశ్వరయ్య సలహాపై 1920 నాటికి ఉస్మాన్‌సాగరును, 1927 నాటికి హిమాయత్‌సాగరును కట్టిరి. మీర్ ఉస్మాన్ అలీఖాను లోకమునందలి ధనవంతులలో అగ్రగణ్యుడని నాడు ప్రసిద్ధి. 1948 సెప్టెంబరు 17తో ఆతని స్వతంత్ర రాజ్యము ముగిసెను. ఆ ధనము వ్యాజ్యములలో కరగినది. ఆ నీరు తరములపాటు నగరపు దాహము తీర్చినది. ఆ జలాశయముల పరివాహక ప్రాంతమున కట్టడములను నిరోధించుచు 1996లో 111వ సంఖ్య ఉత్తరువు వెలువడెను. 2022లో ఆ నిర్బంధములను సడలించుచు వేరొక ఉత్తరువు వచ్చెను. అచ్చటి రైతులకు తమ భూమి విలువ పెరుగవలెనను కోరిక న్యాయమైనదే, వారిని నిందింపరాదు. కాని వారి పొలములకంటె ముందుగా ఆ గాలి తగిలినది మేడలు కట్టువారికి.

దుర్గం చెరువు సంగతియు నంతే. నాలుగువైపుల కాలనీలు గట్టునకు దగ్గరైనవి; మురుగు చేరినది; గుర్రపుడెక్క అల్లినది; శుద్ధి కేంద్రములు కట్టవలసి వచ్చినది. చెరువుల హద్దులు కాపాడుటకని 2024 జులైలో ప్రభుత్వము హైడ్రా యను సంస్థను నెలకొల్పెను. హద్దు ఎచ్చటిదాకయో, ఇల్లు ముందో నీరు ముందో యను వివాదములు న్యాయస్థానములకెక్కినవి. కుతుబ్‌షాహీలు శత్రువులకు కనబడకుండ దాచిన చెరువును నేడు సొంత నగరమునుండియే దాచవలసిన రోజులు వచ్చినవి. ఆ మేడలలో పనిచేయువారిలో శరణుల బిడ్డలును ఎందరో యున్నారు. నెల జీతములో ఎంత భాగము లక్కమ్మ మెచ్చు మూటయో వారికి వారే తూచుకొనవలెను. వారములో ఒక పూట చెరువుగట్టున గడ్డపార పట్టుటయు కాయకమేయని వారికెవ్వరును చెప్పియుండకపోవచ్చును.

గుర్రపుడెక్క పెరిగినపుడెల్ల నీటిలో దిగి దానిని లాగివేయు కూలీలు కొందరు కలరు. రాత్రి వంతెన దీపముల వేడుక చూచిపోయినవారు నిదుర లేవకముందే వారు పనిలో నుందురు. ప్రారంభోత్సవ శిలాఫలకములమీద వారి పేర్లుండవు. గోలకొండకు నీరు పారిన మట్టిగొట్టములను అతికినవారి పేర్లును ఏ తవారీఖులోను లేవు.