ప్రమాదమెవరిది?

సంస్కృతమున ప్రమాదమనగా ఏమరుపాటు. తెలుగున ఆ పదమునకే ఆపద యను నర్థము స్థిరపడినది. మూలమున మనుష్యుని దోషమును దెలిపిన మాట మన యొద్ద ఎవ్వరి దోషమును గాని విపత్తును దెలుపుచున్నది. ఈ భేదము నిఘంటువునకే కాదు, నీతికిని సంబంధించినది. ‘బ్రిటోమార్టు’ అను బ్రిటిషు నౌక చరిత్ర యిందుకు తార్కాణము.

1938లో జలప్రవేశము చేసిన ఆ నౌక పని సముద్రమున మైనుల నూడ్చుట. నీటి యడుగున గొలుసులతో కట్టిన మైనులను, నౌక వెనుక నీడ్చుకొనిపోవు ఉక్కుతీగ తెంచివేయును. పైకి తేలినవానిని తుపాకులతో గాల్చెదరు. ఇందు వేగము లేదు, కీర్తి లేదు. వెనుకవచ్చు నోడ సుఖముగా దాటిపోవుటయే ఫలము. 1942లో రష్యాకు సామగ్రి గొనిపోయిన పి.క్యూ. 17 ఓడల సమూహమునకు అది రక్షకులలో నొకటి.

1944 ఆగస్టు 27వ తేదీన బ్రిటోమార్టు, హుస్సారు, సాలమాండరు, జేసను అను నౌకలు ఫ్రాన్సున జర్మనుల వశమందున్న లె హావ్రు రేవు చెంత మైనుల నూడ్చుచుండెను. వానికి తొలుత వేరు పని విధించి, పిమ్మట ఆజ్ఞ మార్చిరి. ఆ మార్పును దెలుపు వార్త, తీరప్రాంతమునకు బాధ్యుడైన బ్రిటిషు నౌకాధికారి కార్యాలయమునకు పంపబడలేదు. అక్కడివారు ఆ నౌకలు శత్రువులవని తలచి విమానములను బిలిచిరి. విమాననాయకుడు, ఇవి మనవివలె నున్నవని ఒకటికి రెండుమారులు ప్రశ్నించెను. కొట్టుమనియే ఉత్తరము. స్వజనుల రాకెట్లకు బ్రిటోమార్టు, హుస్సారు మునిగిపోయెను. సాలమాండరు మరల పనికిరాకపోయెను. ఎందరో నావికులు మరణించిరి.

దోషమెవ్వరిది? వార్త పంపినవాడు ఒక చిరునామా మరచెను. కార్యాలయము తన కాగితములను నమ్మెను. వైమానికుడు అడిగెను, పిదప ఆజ్ఞను పాలించెను. సైనిక న్యాయస్థానము ముగ్గురు నౌకాధికారులను విచారించి, ఇద్దరిని విడిచి, ఒకరిని తీవ్రముగా మందలించెను.

అప్పు పదిమంది పంచుకొన్నచో ఒక్కొక్కరి భారము తగ్గును. దోషమట్లు కాదు, ఆపగలిగిన ప్రతివాని యందును అది పూర్ణముగా నుండును. అందును గురుతరమైనది, సంశయమునకు ఉత్తరమిచ్చినవానిదని నా యభిప్రాయము. నౌకలను కన్నులార జూచినవాడు ప్రశ్నించినప్పుడు, ఆ ప్రశ్నకు హేతువైన కాగితమునే మరల జూచి బదులిచ్చుట విచారణ గాదు. వైమానికుని ధైర్యము అచ్చట చాలలేదనువారు కలరు. కాని యడుగుట క్రిందివాని ధర్మమైనచో, వినుట పైవాని ధర్మము.

బ్రదికినవారిని మౌనము వహింపుడనిరి. ఆ కాగితములు 1994 వరకు వెలువడలేదు. యుద్ధకాలమున రహస్యము అవసరమే కావచ్చును. యుద్ధము ముగిసిన పిమ్మట దశాబ్దముల కొలది సాగిన మౌనము మాత్రము ఏమరుపాటును ఆపదగా మార్చు ప్రయత్నమే యగును.

మన గృహములయందును ఇట్టి మార్పు నిత్యము జరుగుచున్నది. బావికి గట్టు కట్టక, బిడ్డ పడినప్పుడు విధి యందుము. విధి మాట యెత్తువారు, ఆ గట్టు కట్టవలసినవారెవరో మొదట చెప్పవలెను. అపరాధిని దండించుటకంటె ఆ ప్రశ్న నడుగనిచ్చుటయే మృతులకు మనము చెల్లింపవలసిన ఋణము.