ముప్పావలా వడ్డీ

తెలుగు పల్లెలలో వడ్డీ చెప్పు పద్ధతి యొకటి కలదు. సంవత్సరమునకు నూటికి ఇంత యని సాధారణముగా ఎవరును చెప్పరు. నెలకు నూటికి రూపాయి, రెండు రూపాయలు, మూడు రూపాయలు అని చెప్పుదురు. ఆ లెక్కను పట్టి చూచినయెడల, సాలుకు 9 శాతమునకు బ్యాంకు ఇచ్చు గృహ ఋణము నూటికి ముప్పావలా వడ్డీ మాత్రమే. మూడు రూపాయల వడ్డీ, ఐదు రూపాయల వడ్డీ విని పెరిగినవారి చెవికి ముప్పావలా యనగా ధర్మవడ్డీ వలె వినబడును. ఇంత చౌకగా దొరకుచుండగా తీసికొనకపోవుట తెలివితక్కువ యని బంధువులందురు. వారి మాటలో తప్పేమియు లేదు. అయితే ముప్పావలా యనునది ఒక్క నెలకు, ఒక్క నూరు రూపాయలకు చెప్పిన వెల. ఇంటి అప్పు లక్షలలో నుండును, వందల నెలలు సాగును. చిన్న మాటలో చెప్పబడిన పెద్ద వెలను దాని నిండు కొలతతో చూచుట ఇంటి యజమానికి ధర్మమా, లేక అది కేవలము గణకుల పనియా? ప్రియ చదువరీ, ఈ ప్రశ్నను గూర్చి కొంత యోచించుదము.

ఈ యోచనకు జంషెడ్‌పూర్ తగిన తావు. 1907లో స్థాపింపబడిన టాటా ఇనుము ఉక్కు కంపెనీ సాక్చీ గ్రామమున కర్మాగారము కట్టి 1912లో ఉక్కు తీసినది. 1919లో ఆ ఊరికి జంషెడ్‌జీ టాటా పేరు పెట్టబడెను. శ్రీకాకుళము, విశాఖపట్టణము ప్రాంతముల నుండి పనికై వచ్చిన తెలుగువారు తరతరములుగా కద్మా, సోనారి, గోల్మురి, టెల్కో వంటి పేటలలో కాపురము లేర్పరచుకొనిరి. అనేకులకు అది కంపెనీ క్వార్టరులో కాపురము. స్వల్పమైన అద్దె, నీరు, దీపము, ఇంటి ముందు జామచెట్టు. పిల్లలు పుట్టి పెరిగి పెండ్లిండ్లు చేసికొన్నది ఆ గోడల నడుమనే. కాని ఆ గోడలు ఉద్యోగమునకు కట్టుబడినవి. పదవీ విరమణ జరిగిన తరువాత క్వార్టరు ఖాళీ చేయవలెను. ఇతరచోట్ల ముప్పది యేండ్ల వయస్సున వచ్చు ఇంటి ప్రశ్న ఇచ్చటి కార్మికునికి ఏబది దాటిన పిమ్మట ఎదురగును.

అక్కడి నేల విషయము కూడ వేరు. పట్టణములో అధిక భాగము ప్రభుత్వము కంపెనీకి కౌలుకిచ్చిన భూమి. 2005లో జార్ఖండ్ ప్రభుత్వము ఆ కౌలును 1996 జనవరి 1 నుండి 30 సంవత్సరములకు, అనగా 2025 డిసెంబరు 31 వరకు, పునరుద్ధరించినది. ఇట్టి కారణములచేత సొంతయిల్లు కోరినవారు అనేకులు సువర్ణరేఖ దాటి మాంగోలోనో, ఖర్కాయి దాటి ఆదిత్యపూర్‌లోనో ఫ్లాటు వెదకుకొనిరి. ఇచ్చట ఒక మాట చెప్పక తప్పదు. 1908 నాటి ఛోటానాగపూర్ కౌలుదారీ చట్టము ఆదివాసి రైతు భూమి ఇతరుల చేతికి పోకుండ కట్టుదిట్టములు చేసినది. అట్టి భూమి చాటుమాటుగా చౌకకు వచ్చినచో, ఆ ఇంటి వెలలో కొంత భాగము మనకంటె బీదవాడు చెల్లించినాడని తెలిసికొనవలెను. అది ఏ బ్యాంకు కాగితములోను కనబడదు.

ఇప్పుడు లెక్క చూతము. 20 లక్షల రూపాయల అప్పు, 9 శాతము వడ్డీ, 20 సంవత్సరముల గడువు. నెలసరి కిస్తీ, నేటివారు ఈఎంఐ యని పిలుచునది, 17,995 రూపాయలు. 240 కిస్తీలు కలిపినచో 43 లక్షల 18 వేలు దాటును. అసలు 20 లక్షలు, వడ్డీ 23 లక్షలకు పైగా. ముప్పావలా యని విన్నది అసలునే మించిపోయినది. మొదటి నెల కిస్తీలో 15,000 రూపాయలు వడ్డీకే పోవును. అసలులో తగ్గునది 2,995 మాత్రమే. ఐదేండ్లు తప్పక చెల్లించినవాడు సుమారు 10 లక్షల 80 వేలు కట్టియుండును, అయినను అతని పేర ఇంకను 17 లక్షల 74 వేల అసలు నిలిచియుండును. పదియేండ్లకు మిగులునది 14 లక్షల 20 వేలు. అసలు సగమునకు దిగుటకు పదునాలుగేండ్లు పట్టును. దీనిలో బ్యాంకు చేసిన మోసమేదియు లేదు. మన యొద్ద ఎంత సొమ్ము మిగిలియున్నదో దానికే వడ్డీ పడుచున్నది. మొదటి యేండ్లలో మిగిలినది ఎక్కువ గనుక వడ్డీ యెక్కువ, అంతే.

గడువును గూర్చి ఆలోచించినచో సంగతి ఇంకను తేటపడును. అదే అప్పును 15 ఏండ్లలో తీర్చిన కిస్తీ 20,285 రూపాయలు. నెలకు 2,290 ఎక్కువ కట్టుటవలన మొత్తము వడ్డీలో 6 లక్షల 67 వేలు తగ్గును. 30 ఏండ్లకు పొడిగించినచో కిస్తీ 16,092కు దిగును. నెలకు పందొమ్మిది వందల సుఖము. అయితే చెల్లించు మొత్తము దాదాపు 58 లక్షలు. “నెలకెంత?” అనునదే మన యిండ్లలో మొదటి ప్రశ్న. ఏ ప్రశ్న అడిగితిమో దానికే జవాబు దొరకును.

వడ్డీ నిలుకడగా ఉండునను నమ్మకము కూడ కూడదు. 2019 అక్టోబరు 1 నుండి మారు వడ్డీపై బ్యాంకులు క్రొత్తగా ఇచ్చు గృహ ఋణములు రిజర్వు బ్యాంకు రెపో రేటు వంటి వెలుపలి ప్రమాణమునకు ముడివేయబడినవి. 2022 మే ఆరంభమున 4 శాతముగా నున్న రెపో 2023 ఫిబ్రవరి నాటికి 6.50 శాతమాయెను. 7 శాతమునకు, 20 ఏండ్లకు, 20 లక్షలు తీసికొన్నవాని కిస్తీ 15,506. వడ్డీ 9.50 శాతమునకు పెరిగినప్పుడు ఆ మొత్తము మీద ఒక నెల వడ్డీయే 15,833! కిస్తీ తప్పక కట్టుచున్నను వడ్డీయైనను తీరని స్థితి యిది. 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు, వడ్డీ మారినప్పుడు ఋణగ్రస్తునికి తెలియజేయవలెననియు, కిస్తీ పెంచుకొనుటకో గడువు పొడిగించుకొనుటకో అతనికే ఎంపిక నియ్యవలెననియు బ్యాంకులను ఆదేశించినది. 2025లో రెపో మరల దిగినది. దిగినప్పుడు కిస్తీ తగ్గించుకొనక గడువు తగ్గించుకొనుట, చేతికి అదనముగా వచ్చిన సొమ్మును అసలుకు కట్టుట మేలు. మారు వడ్డీ గృహ ఋణములపై ముందుగా చెల్లించినందుకు బ్యాంకులు జరిమానా వేయరాదని 2012లోనే ఉత్తరువైనది. ఈ సంగతి తెలియక బోనసు సొమ్మును తక్కువ వడ్డీ డిపాజిట్టులో దాచి, ఎక్కువ వడ్డీ అప్పును మోయువారు అనేకులు.

ఇంతవరకు చదివినవారు ఇంటి అప్పు పాపమని చెప్పబోవుచున్నానని తలంచవలదు. అద్దె కూడ తిరిగిరాని సొమ్మే. ఇరువదియేండ్ల తరువాతి రూపాయి నేటి రూపాయి కాదు; నేడు గుండెకు బరువైన కిస్తీ పదిహేనవ యేట తేలికగా తోచవచ్చును. చేతిలో నిలువని సొమ్ము ఇటుకలలో నిలుచును. వృద్ధాప్యమున తలుపు తట్టి ఖాళీ చేయుమనువాడు లేకపోవుట యేపాటి వరమో క్వార్టరు విడిచిన కుటుంబమునకు ఎవరును చెప్పనక్కరలేదు. కేవలము ధనలెక్కను పట్టి గృహ ఋణము నష్టమని తీర్పు చెప్పువాడు తొందరపడినవాడని నా అభిప్రాయము.

గోపురము కట్టగోరువాడు ముందుగా కూర్చుండి వ్యయము లెక్కించునని ప్రభువు చెప్పిన ఉపమానము లూకా సువార్త 14వ అధ్యాయమున నున్నది. అది శిష్యత్వమును గూర్చినది, గృహనిర్మాణమును గూర్చినది కాదు. అయినను వ్యయమనగా రూపాయలు మాత్రమే కాదను తలంపు అందులోనే యున్నది గదా!

మరి ఇంటి అప్పులో రూపాయలు కాని వ్యయమేది? జంషెడ్‌పూర్ చరిత్రలోనే ఒక గొప్ప తాకట్టు కలదు. 1924లో కంపెనీ కష్టదశలో పడి జీతములకును కటకట యైనప్పుడు, సర్ దోరాబ్జీ టాటా తన సొంత ఆస్తిని ఇంపీరియల్ బ్యాంకులో కుదువబెట్టి కోటి రూపాయల అప్పు తెచ్చెను. అందులో ఆయన భార్య మెహర్‌బాయి ఆభరణమైన జూబిలీ వజ్రము కూడ నుండెను. కర్మాగారము నిలిచినది, అప్పు తీరినది. ఆయన కుదువబెట్టినది అప్పటికే చేతిలో నున్న సొత్తు. పోయినచో ఏమి పోవునో ఆయనకు తెలియును. మన గృహ ఋణము అట్టిది కాదు. హామీ ఇల్లే, కాని అప్పు తీర్చవలసినది రాబోవు జీతము. మనమింకను జీవింపని సంవత్సరములను, ఇంకను లేని ఆరోగ్యమును, యజమాని మాట యియ్యని ఉద్యోగమును మనము వ్రాసి యిచ్చుచున్నాము.

ఆ ఊరిలో ఈ మాట వట్టి భయము కాదు. గోల్మురిలో పేరుమోసిన ఇండియన్ కేబుల్ కంపెనీ 2000లో మూతబడినది. 2020లో దానిని పరిసమాప్తి చేయుటకు ఉత్తరువు వెలువడినది. ఉక్కు కంపెనీలోను 1990వ దశకము మధ్య నుండి 2005 వరకు ఉద్యోగుల సంఖ్య సుమారు సగమునకు దిగినది.

ఈ అనిశ్చయము ఒక మనుష్యుని లోపల చేయు పని యేదో చూడవలెను. నాసిరకపు సరకును మంచిదని సంతకము చేయుమని పైయధికారి అడిగెననుకొనుము. అప్పులేనివాడు కాదనగలడు. జీతములో సగము కిస్తీకి పోవువాడు కలము చేతపట్టుకొని 5వ తేదీని తలంచుకొనును. అతడు చెడ్డవాడు కాడు. అతనికి ‘కాదు’ అను మాట వెల పెరిగినది. తల్లి మందులకు పంపు సొమ్ము, సంఘములో విధవరాలికి ఇచ్చు చేయూత, చెల్లెలి బిడ్డ చదువు, ఇవి యేవియు బ్యాంకు ముందు తగవు పెట్టవు. నోరులేని బాధ్యతలు గనుక ముందుగా అవియే తగ్గును. నా యెరుకలో ఇంటి అప్పు యొక్క అసలు వడ్డీ ఇదియే.

తాకట్టునకును తనఖాకును మన వాడుకలో భేదము కలదు. తాకట్టు పెట్టిన బంగారము కంటి యెదుట నుండదు; దాని లోటు ప్రతి పండుగకు తెలియును. తనఖా పెట్టిన యింట మనమే నిద్రించుచుందుము. 1882 నాటి ఆస్తి బదిలీ చట్టము ప్రకారము హక్కు దస్తావేజులు అప్పగించుటయే కొన్ని పట్టణములలో తనఖా యగుటకు చాలును. కిస్తీలు తప్పి ఖాతా మొండి బాకీగా లెక్కకు వచ్చినచో, 2002 నాటి సర్ఫాయెసీ చట్టము ననుసరించి 60 దినముల నోటీసు మీద, కోర్టులో దావా వేయకయే బ్యాంకు ఇంటిని స్వాధీనపరచుకొనవచ్చును. కంటికి కనబడని బంధకము మరచిపోవుట సులభము.

నెహెమ్యా గ్రంథము 5వ అధ్యాయమున పొలములు, ద్రాక్షతోటలు, ఇండ్లు కుదువబెట్టి ధాన్యము తెచ్చుకొన్న ప్రజలు మొఱపెట్టిరి. అచ్చట నెహెమ్యా తిరిగి ఇచ్చివేయుమన్న నూరవ భాగమును నెలకు నూటికి ఒకటి యని అనేకులు వ్యాఖ్యానించిరి. అనగా మన భాషలో నూటికి రూపాయి. మన ముప్పావలా అంతకంటె తక్కువే! కాని ఆ మొఱను జాగ్రత్తగా చదివినచో వారు ఏడ్చినది వడ్డీ రేటును గూర్చి కాదు. తమ కుమారులును కుమార్తెలును దాస్యమునకు పోవుచున్నారని ఏడ్చిరి. అప్పు చేసినవాడొకడు, తీర్చువాడింకొకడు.

అది కరవు కాలపు అప్పు, మనది సౌఖ్యమునకై చేయు అప్పు. రెండును ఒకటి కావు. అయినను ఏబది మూడేండ్ల తండ్రికి 20 ఏండ్ల గడువు దొరకదు. సంపాదించు కుమారుని సహ ఋణగ్రస్తునిగా చేర్చిన దొరకును. “నాయనా, ఇచ్చట ఒక్క సంతకము పెట్టు” అని తండ్రి అడుగును. “సరే నాన్నా” అని ఇరువదియారేండ్ల కుమారుడు పెట్టును. మన యిండ్లలో కాదనుట యెక్కడిది? ఆ సంతకముతో అతని సొంత యిల్లు, అతడు చేసికొనబోవు పిల్ల ఆశలు, దూరదేశమున దొరకవలసిన చదువు, అన్నియు ఆ 43 లక్షలలో చేరినవి. ప్రేమతో ఇచ్చిన కానుకయైతే అది ఘనమైనదే. మొత్తమెంతో చెప్పక తీసికొన్నది కానుక కాదు.

కాబట్టి సంతకమునకు ముందు ఒక రాత్రి భోజనమైన పిమ్మట భార్యను, ఎదిగిన బిడ్డలను కూర్చుండబెట్టి నెలసరి కిస్తీ కాదు, మొత్తము అంకె చెప్పవలెను. తండ్రి జీతము ఏ యేట ఆగునో, ఆ యేట అప్పు ఎంత మిగులునో కాగితము మీద వ్రాసి చూపవలెను. కాదను స్వాతంత్ర్యము కుమారునికి నిజముగా ఉండవలెను. జీతము ఆగకమునుపే అప్పు ఆగునట్లు చూచుకొని, దానికి సరిపడని యిల్లు మూడు గదులదైతే రెండు గదులది కొనవలెను. రెండు గదులు చాలవని ఇంటిలో ఎవరైన అనినచో ఆ మాటయు ఆ రాత్రియే వినవలెను. అప్పు పత్రము మీద సంతకమైన పిమ్మట విని ప్రయోజనము లేదు.

అప్పు పూర్తిగా తీరిన 30 దినములలోగా దస్తావేజులు తిరిగి ఇయ్యవలెననియు, తమ తప్పువలన ఆలస్యమైన ప్రతి దినమునకు 5,000 రూపాయలు చెల్లించవలెననియు రిజర్వు బ్యాంకు 2023లో నిర్ణయించినది. 2023 డిసెంబరు 1 నుండి ఇది అమలులోనికి వచ్చినది. అప్పు తీసికొన్నవాడు ఆనాటికి జీవించి లేనియెడల ఆ కాగితములు అతని వారసులకు ఎట్లు అందజేయుదురో ఆ పద్ధతిని కూడ బ్యాంకు ముందుగానే ఏర్పరచి ప్రకటింపవలెనని అందులోనే వ్రాయబడియున్నది.