శిథిలములు నేర్పు ధర్మము

ఓరుగల్లు ఒకనాడు కాకతీయుల రాజధాని. మట్టికోట, రాతికోట, నడుమ స్వయంభూ శివాలయము గల మహానగరము. 1323వ సంవత్సరమున ఉలుగ్ ఖాను సేనలు కోటను పట్టుకొన్నవి. ప్రతాపరుద్రుడు బందీ యయ్యెను. నగరమునకు సుల్తానుపురమను పేరు పడెను. 1336 ప్రాంతమున ముసునూరి కాపయనాయకుడు దానిని మరల గెలిచెను. నేడా యాలయము లేదు. దాని నాలుగు తోరణములు మాత్రము నిలిచియున్నవి.

వానిని చూచి దుఃఖించుట సహజమే. ఆ దుఃఖమును దేనికి వినియోగింపవలె ననునదే ప్రశ్న. ఏడువందల యేండ్లనాటి పగను నేటి పొరుగువానిపై తీర్చుకొందుమా? అతడా సేనలో లేడు. మనమా కోటలో లేము. కత్తి చేసిన చేటును కత్తితోనే కొలుచుచున్నంతకాలము నగరము మరల మరల కూలుచునే యుండును.

భూపాలపల్లి సీమలోని గణపురమును చూడుడు. కాకతీయులనాటి కోటగుళ్లు అచ్చట శిథిలములై యున్నవి; ఆనాటి చెరువో, నేటికిని పొలములను తడుపుచున్నది. గండి పడినపుడు మట్టి మోయు చేతులు లేక యే చెరువును ఇన్నియేండ్లు నిలువదు. గెలుచుట కొన్నినాళ్ల పని. నిలుపుట తరతరముల పని.

కావున బిడ్డలకు తోరణముల కథ చెప్పు తల్లిదండ్రులు దానివెంట పగను గాక, ఊరిచెరువు పూడిక తీయు బుద్ధిని అందింపవలెనని మా మనవి.