తద్దినము మరునాటి పాకము

మా నాయనగారి తద్దినము నాడు మా వంటయింటిలోనికి టమాటా రాదు. పచ్చిమిరప రాదు, ఎండుమిరప రాదు, బంగాళాదుంప రాదు. సీమకూర అన్న పేరు గలది ఏదియు ఆనాడు గడప దాటి లోనికి అడుగు పెట్టదు. అల్లము, మిరియములు, నువ్వులు, మినుములు, పెసరపప్పు, అరటికాయ, కంద, కాకర: వీనితోనే విస్తరి నిండవలెను. ఏటికి ఒక్కసారి, ఒక్క పూట, మా యిల్లు అయిదు వందల యేండ్లు వెనుకకు నడచి, 1498లో వాస్కో డ గామా కళ్లికోట రేవున దిగుటకు పూర్వము తెలుగువాడు తినిన భోజనమును తినివచ్చుచున్నది. ఆ పంక్తిలో శ్రీనాథుడు వచ్చి కూర్చుండినచో ఆయనకు క్రొత్తదని తోచునది ఒక్కటియు ఉండదు. మరునాడు వచ్చినచో మాత్రము మొదటి ముద్దకే ఆ కవిసార్వభౌముని కన్నులు చెమ్మగిల్లును.

ఇంతవరకు చిక్కు లేదు. చిక్కు ఎచ్చటనన, మా నాయనగారికి టమాటా అనిన ప్రాణము. ఆయన ఆ మాట వాడెడివారు కారు, రామములగ అనెడివారు. పెరటిలో నూతి ప్రక్కన నాలుగు మొక్కలను తామే పెంచి, పండిన కాయను తొడిమతో త్రెంపి, పంచె అంచున తుడిచి, ఎడమ అరచేతిలో పోసికొనిన ఉప్పులో అద్దుకొని, నిలుచున్న చోటనే తినెడివారు. రసము ముంజేతి మీదుగా మోచేతి వరకు కారెడిది. అట్టి మనిషికి, మేము భోజనము పెట్టు ఒకే ఒక్క దినమున, ఆయన వలచిన దానిని వీధిలో నిలువబెట్టి, బ్రదికియున్నన్నాళ్లు ఆయన విస్తరి అంచునకు త్రోసిన కాకరకాయ కూరను రెండుమారులు వడ్డించుచున్నాము. తృప్తి అయినదా అని అడుగుదుము. అయినదని భోక్త చెప్పును. ఎవరికి అయినది? ఈ ప్రశ్న చాలయేండ్లుగా నన్ను విడువకున్నది.

ఈ యేడు తద్దినమునకు మా మేనత్త వచ్చినది. ఎనుబది నాలుగేండ్ల మనిషి, నాయనగారికి ఒక్కతే చెల్లెలు. మరునాటి సాయంకాలము, గారెల బరువు ఇంకను దిగలేదనియు, అన్నము వలదనియు, పలుచగా వేడివేడిగా ఏదైన ఉన్న చాలుననియు ఆమె అనగా, మా అమ్మాయి యింట నేర్చుకొనిన టమాటా సూపును చేయుటకు పూనుకొంటిని. నిన్నటి నిషేధము నిన్నటితో తీరినది గదా! ఉల్లియు వెల్లుల్లియు మాత్రము మా అత్తయ్య ముట్టదు గనుక అల్లముతోను జీలకఱ్ఱతోను సరిపెట్టితిని.

అరకిలో టమాటాలను నిలువున చీల్చి, ఇనుప పెనము మీద చారెడు నువ్వుల నూనెలో బోర్లించి, సన్నని సెగను పెట్టితిని. ఆ ప్రక్కన కుంపటి రాజేసి, మూడు ఎఱ్ఱని బెంగుళూరు మిరపకాయలను నేరుగా నిప్పుల మీద ఉంచితిని. ఆకుపచ్చ కాయయే చెట్టున ఇంకను కొన్నాళ్లు నిలిచి, కసరు పోయి తీపి వచ్చి, ఎఱ్ఱనగును; ఇది సూర్యుడు చేసిన పాకము, నేను చేయునది రెండవది. మిరప జాతిలో పుట్టియు కారము ఎరుగని ఈ కాయ దుర్వాసుని వంశమున పుట్టిన శాంతుని వంటిది. నిప్పు సోకగానే తొక్క చిటపటలాడి, పొక్కులెక్కి, నల్లబడినది. పట్టకారుతో త్రిప్పుచు అన్ని ప్రక్కలను బొగ్గువలె చేయవలెను. జాలిపడి సగము నలుపుతో తీసినచో తొక్క మొండికెత్తును. పావుగంటకు కాయలు మూడును క్రుంగినవి. వానిని ఇత్తడిగిన్నెలో వేసి మూతపెట్టగా, తమ ఆవిరిలో తామే మగ్గి, పది నిమిషములలో తొక్కను వదలివేసినవి. వ్రేళ్లతో లాగినంతనే నల్లని పొర ఊడి, లోపల తడితడిగా, సిందూరవర్ణముతో కండ బయటపడినది. ఇచ్చట చేతులు మసి అగునని నీళ్లక్రింద కడుగువారు కలరు. కడుగరాదు, కడిగిన యెడల రుచి అంతయు తూముపాలు.

ఇట్టి సమయమున పంచకోశములు జ్ఞప్తికి వచ్చుట మన దేశపు బుద్ధికి సహజము. తొక్క అన్నమయకోశమనియు, దానిని ఒలిచినచో లోపలి సారము ప్రకాశించుననియు ఉపన్యసింపవచ్చును. ఉపన్యసించినవారు కలరు, అరటిపండుతోనో ఉల్లితోనో. నాకు మాత్రము ఆ ఉపమానము ఈ కాయ దగ్గర కుదరలేదు. తొక్కను పారవేసితిని, నిజమే. కాని కండను కొరికి చూచినచో మొదట నాలుకకు తగులునది పారవేసిన తొక్క కాలిన వాసనయే. కాలకయే తొక్క తీసిన కాయకు ఆ రుచి లేదు. దగ్ధపటన్యాయమని వేదాంతులు చెప్పుదురు: కాలిన వస్త్రము వస్త్రమువలెనే కనబడును గాని కట్టుకొనుటకు పనికిరాదు. ఈ కాలిన తొక్కయో, కనబడుట లేదు గాని పనిచేయుచునే యున్నది. న్యాయము తలక్రిందులైనది.

వేదాంతము విడిచి తర్కము కడకు పోతిని. పేరులోనే అన్నము గల అన్నంభట్టు తెలుగువాడు. ఆయన తర్కసంగ్రహమును పాఠశాలలో వల్లించినవారికి పాకమనగా వంట కాదు, తేజస్సుతోడి సంయోగము. పృథివీద్రవ్యమునకు అగ్ని తగిలినప్పుడు పూర్వపు రూపరసగంధస్పర్శములు నశించి క్రొత్తవి పుట్టును. పచ్చికుండ ఆవములో ఎఱ్ఱనగుట దీనికి ఉదాహరణము. ఇందులో వైశేషికులకును నైయాయికులకును పెద్ద వివాదము కలదు. కుండ కుండగా ఉండగా లోపలి పరమాణువులకు నిప్పు ఎట్లు చేరును? చేరదు గనుక కుండ ఆవములో పరమాణువులుగా విచ్చిపోయి, ఒక్కొక్క పరమాణువు విడిగా ఎఱ్ఱబారి, మరల అవియే కూడి క్రొత్త కుండ అగుచున్నదని వైశేషికులు, ఇది పీలుపాకవాదము. అంత శ్రమ అక్కరలేదు, కుండకు సూక్ష్మరంధ్రము లున్నవి, వాని ద్వారా అగ్ని లోనికి పోవును, కుండ ఆ కుండయే, మారినది గుణములు మాత్రమే అని నైయాయికులు, ఇది పిఠరపాకవాదము. పైగా, కుమ్మరి తాను పెట్టిన కుండనే తీసికొనుచున్నానని గుర్తుపట్టుచున్నాడు గదా అని వారు అడుగుదురు. ఆవములో ఒకదానిపై ఒకటి పేర్చిన కుండలు విచ్చిపోయినచో పైకుండలు క్రిందపడవలెను గదా అనియు అడుగుదురు. దర్శనములలో ఇంత కంటికెదురుగా సాగిన తగవు నాకు మరియొకటి తెలియదు.

బాల్యమున ఇది పండితుల పొద్దుపోని పనియని నవ్వుకొంటిని. ఇప్పుడు నవ్వలేను. ఏలనన నాయనగారిని కూడ నిప్పునకే అప్పగించితిమి. ఆ నిప్పు దాటిన పిమ్మట ఆయన ఎవరు? వైశేషికుని మార్గమున, పాతది సమూలముగా విచ్చిపోయి క్రొత్తది ఏర్పడినచో, పురోహితుడు చెప్పునట్లు ఆయన ఇప్పుడు వసురూపుడు; తాతగారు రుద్రరూపులు, ముత్తాతగారు ఆదిత్యరూపులు. వసువునకు పెరటి మొక్కలతో పని యేమి? నువ్వులును నీరును ఆయన భాష. మనుస్మృతి పితృదేవతలకు ప్రీతియని చెప్పిన తిలలు, వ్రీహులు, యవలు, మాషములు చాలును. నైయాయికుని మార్గమున, ఆయన ఆయనయే, మారినది గుణములే అయినచో, ఉప్పు అద్దుకొనిన రామములగ పండును దాచిపెట్టి కాకరకాయ వడ్డించుట కొడుకు చేయదగిన పని కాదు.

శాస్త్రము వలదన్నది గదా అనరాదు. శాస్త్రమునకు టమాటా తెలియదు. రామానుజాచార్యులు ఆహారమునకు చెప్పిన మూడు దోషములలో, అనగా జాతి, ఆశ్రయ, నిమిత్తములలో, ఇది దేనియందు పడును? ఉల్లివెల్లుల్లులవలె జాతిదోషము దీనికి ఎవరును చెప్పినవారు కారు. వంకాయకు చుట్టమే యిది. అసలు ఛాందోగ్యమునందలి ఆహారశుద్ధిని శంకరులు నోటి ఆహారముగానే తీసికొనలేదు. ఇంద్రియములు లోనికి తెచ్చుకొను శబ్దాది విషయజ్ఞానమని అర్థము చెప్పిరి. అట్లయిన టమాటాకు కాదు, దానిని గూర్చి నేను చేయుచున్న ఈ కలతకే శుద్ధి కావలెను.

పరదేశపుదన్న మాటయో, నిలువదు. వినాయకచవితి నాడు పాలవెల్లికి కట్టు మొక్కజొన్న పొత్తు, జామకాయ, సీతాఫలము మూడును అమెరికా ఖండపు సంతానమే. శ్రీవారి లడ్డూలోని జీడిపప్పు బ్రెజిలునుండి పోర్చుగీసువారు తెచ్చిన చెట్టుది. దేవతలు ఇన్నిటిని సంతోషముతో ఆరగించుచున్నారు. మనవారును అతిథిని పేరుపెట్టియే ఇంటివానిని చేసికొనిరి: ఒక పరదేశపు పండునకు సీతమ్మవారిని, ఒకదానికి రామచంద్రుని ఇచ్చిరి; టమాటాను రామములగ అనిరి; మిరియపు పేరును చీల్చి కారపుకాయకు మిరప అని తొడిగిరి. కొలంబసు కూడ ఆ కాయకు మిరియపు పేరే పెట్టినాడు, కాని అతడు మిరియములకై బయలుదేరి భ్రమపడినవాడు. మనము తెలిసియే పెట్టితిమి. దేవతలు ఉదారులు, పితృదేవతలు నియమపరులు. దీనికి నాకు తోచిన కారణ మొక్కటే. దేవతకు నిన్న లేదు. పితృకార్యము నిన్నటికై చేయునది. జ్ఞాపకమునకు మార్పు అనిన భయము, ఒక్క కూర మార్చినచో మనిషియే చేజారునేమో యన్న బెదురు. ఆ భయమును నేను తప్పు పట్టను. కాని అది జ్ఞాపకము పెట్టుకొను మన భయము, తినువారి రుచి కాదు.

ఇంతలో పెనము మీది టమాటాలు నీరింకి, అంచులు ముదురెఱుపై, తియ్యని వాసన వేయుచుండెను. వానిని, ఒలిచిన మిరపకాయలను, అల్లపు ముక్కను మెత్తగా రుబ్బి, జల్లెడలో వడకట్టి, రెండు గ్లాసుల నీళ్లతోను, ఉప్పుతోను, వేయించి పొడిచేసిన జీలకఱ్ఱతోను పది నిమిషములు మరగనిచ్చితిని. రక్తచందనమును సానమీద అరగదీసినట్టి రంగు వచ్చినది.

అత్తయ్యకు వెండిగిన్నెలో పోసి ఇచ్చితిని. రెండుచేతులతో పట్టుకొని, మొదట వాసన చూచి, పిదప చప్పరించినది.

“ఏమేం వేశావురా యిందులో? కాలిన వాసనొస్తోంది, బాగుంది.”

చెప్పితిని. కొంచెము జంకుతోనే చెప్పితిని.

“రామములగా? దానికింత భయమేమిటి? నిన్న పెట్టకూడదు. ఇవాళ పెడితే ఎవరొద్దన్నారు?” అని, మరల ఒక గుక్క త్రాగి, “నాలుగు మిరియాలు దంచి పడెయ్యి. మిరపకాయ అంటివి, కారమే లేదు,” అనినది.

నిన్నటి మిరియములే ఇంకను కల్వములో నుండెను. దంచి చల్లితిని. ఎఱ్ఱని రసము మీద నల్లని నలుసులు తేలినవి. సగము త్రాగి ఆగినది. అన్నము వలదన్న మనిషి, ఇంత మెత్తని అన్నము పెట్టుమనినది. పెట్టగా గిన్నెలోనే పిసికి, ముద్ద చేసికొని, నోటబెట్టుకొని, నూతి వైపు కిటికీలోనుండి చూచుచు చాలసేపు నమలినది, పండ్లు లేకపోయినను.

“అన్నయ్యయితే ఇంకాస్త ఉప్పడిగేవాడు,” అనినది.

నేను ఉప్పుగిన్నెకై లేచితిని.